డాలుపిల్ల పేరుకానుక

అనగనగా. ఎప్పుడూ అని మాత్రం అడగొద్దు, ఏళ్ళు లెక్కపెట్టేవాళ్ళు ఇంకా పుట్టలేదు. ఎక్కడా అంటే చెప్పొచ్చు. ఉత్తరంగా పోవాలి. చలేస్తుంది, అయినా పోవాలి. దుప్పటి కప్పుకుని ఇంకా పోవాలి. సముద్రం కొండల మధ్యకి సన్నగా చొరబడి, ఇక లోపలికి దారి లేక ఆగిపోయిన చోట ఓ ఊరుంది. ఆ ఊళ్ళో ఇప్పటికీ ఓ వింత ఉంది. ఎవరైనా ఎవరినైనా ఎగతాళిగా ఓ పేరు పెట్టి పిలిచారనుకోండి, పిలిపించుకున్నవాళ్ళు కోప్పడరు, ఏడవరు. ఊరికే చెయ్యి చాపుతారు. అంతే, పిలిచినవాడి మొహం మారిపోతుంది. ఒళ్ళంతా తడుముకుంటాడు. ఏదో ఒకటి తీసి ఆ చేతిలో పెట్టేదాకా అక్కణ్ణుంచి కదలడు.

ఎందుకలాగ? ఆ కథే ఇది. పేర్లు మన నోటికి కొత్త. అయిదే ఉన్నాయి కాబట్టి ఎలాగో తిప్పుకుందాం. మీరు ఊ కొడుతూ ఉండండి. ఊ ఆగితే కథ ఆగుతుంది, ముందే చెబుతున్నా.

ఆ ఊరి దొర పేరు కేతిల్. దొరగారి వంటశాల పెత్తనం గీడ అనే ముసలమ్మది. కేతిల్‌ని చిన్నప్పుడు చంకనేసుకుని తిప్పింది కూడా ఆవిడే. అందుకని దొరని ‘ఏరా’ అనగలిగింది ఊరు మొత్తం మీద గీడ ఒక్కతే. గీడకి ఓ జబ్బుండేది. దగ్గు కాదు, ఆయాసం కాదు. తెలుసుకోవాలనే జబ్బు. పక్కింట్లో ఏం వండారు, ఎదురింటామె చీపురు ఎవరి మీద విసిరింది, కొండ మీద మేక ఎందుకరిచింది, అన్నీ కావాలి. ఒక్కటి తెలియకపోయినా ఆ పూట తిన్నది అరగదు.

అలాంటి గీడకి జన్మంతా అరగని సంగతి ఒకటే. అది హల్ల.

హల్ల ఎవరి పిల్లో ఎవరికీ తెలీదు. అదే ఆ పిల్ల కష్టం. ఓ తుఫాను వెలిసిన పొద్దున్న, ఒడ్డుకి కొట్టుకొచ్చిన ఓడ చెక్కల మధ్య మూడేళ్ళ పిల్ల దొరికింది. నీ పేరేమిటే అంటే ‘హల్ల’ అంది. ఎవరి కూతురివే అంటే వేలు నోట్లో పెట్టుకుంది. దొర ఇంటి వెనక, చేపలు ఎండబెట్టే చోట పెరిగింది. పెద్దయ్యాక ఆ పనిలోనే కుదిరింది. చేప తల కొయ్యడం, పొట్ట చీల్చడం, రెండేసి చేపలకి తోకలు కలిపి కట్టి దండేల మీద వేలాడదియ్యడం. చలికాలమంతా ఊరు తినేది ఆ చేపలే. తినేవాళ్ళు ఎండబెట్టినదాన్ని తలుచుకుంటారా? మనం తలుచుకుంటున్నామా?

ఇప్పుడు ఆ దేశపు పద్ధతి ఒకటి చెప్పాలి. ఇది వినకపోతే కథ అందదు. చలికాలం నడిమధ్యలో ఆ ఊళ్ళో పెద్ద విందు జరుగుతుంది. ఎద్దుకొమ్ములో తేనెసారా పోసుకుని, ఒక్కొక్కరే లేచి, పోయిన తమవాళ్ళని పేరు పెట్టి గట్టిగా పిలిచి ఓ గుక్క తాగుతారు. తలపు గుక్క అంటారు దాన్ని. ఊరికే పేరు పిలిస్తే చెల్లదు. ఫలానావాడి కొడుకు ఫలానా, ఫలానావాడి కూతురు ఫలానా, అలా పిలవాలి. పిలిచేవాళ్ళు వాళ్ళ సొంత మనుషులే అయ్యుండాలి. అలా పిలిస్తే పోయినవాళ్ళు ఆ రోజుకి వచ్చి, లోపల పొయ్యి పక్కన కూర్చుని చలికాచుకుంటారట. పిలవనివాళ్ళు బయట మంచులోనే ఉండిపోతారట.

హల్లకి తండ్రి పేరు లేదు. అంటే రేపు పిలిచేవాళ్ళూ లేరు.

ఓ ఏడు విందు ముందు కొమ్ములు కడుగుతూ హల్ల అడిగింది. “అవ్వా, నేను పోయాక నన్నెవరు పిలుస్తారు?”

“ముందు పోవే, తర్వాత చూద్దాం.”

“తర్వాత నేను చూళ్ళేను కదా.”

గీడ నవ్వబోయి, పిల్ల మొహం చూసి మానేసింది.

“నాకు ఇల్లొద్దు, పొలమొద్దు అవ్వా,” అంది హల్ల. “ఏడాదికి ఒక్క గుక్క చాలు. ఎవరో ఒకరు నన్ను పిలవాలి. వచ్చి తలుపు దగ్గర నిలబడతాను. పొయ్యి దాకా కూడా రాను. ఆ కాస్త వెచ్చన చాలు నాకు.”

గీడ ఇంకో కొమ్ము ఆమె చేతికందిస్తూ, “చట్టంతాతనడుగు పో,” అంది. చట్టంతాత అసలు పేరు ఎయ్‌విన్. ఆ దేశంలో చట్టాలు ఎక్కడా రాసి ఉండవు. అన్నీ ఆ ముసలాయన నోట్లోనే ఉండేవి. పళ్ళన్నీ పోయాయి గానీ చట్టం ఒక్కటి కూడా పోలేదని చెప్పుకునేవారు.

హల్ల వెళ్ళింది. వెళ్ళేటప్పుడు తల దించుకుని వెళ్ళింది. వచ్చేటప్పుడు తల ఎత్తుకుని వచ్చింది.

“ఏమన్నాడే?”

“ఏదో అన్నాడులే అవ్వా.”

ఇక చూడండి గీడ అవస్థ. ఆ పూట గంజి అరగలేదు. మర్నాడు రొట్టె అరగలేదు. మూడోనాడు ఆ ఉక్రోషమంతా నోటికొచ్చింది. హల్ల చేపల బుట్ట పట్టుకుని వంటశాలలోకి రాగానే, “అవతలికి జరగవే, చేపకంపూ,” అంది. వంటవాళ్ళందరూ కిసుక్కున నవ్వారు.

హల్ల బుట్ట దించింది. చెయ్యి చాపింది. చాపిన చెయ్యి దించలేదు.

“పేరు పెట్టావుగా అవ్వా. కానుకేదీ?”

అందరూ ఒకళ్ళ మొహాలు ఒకళ్ళు చూసుకున్నారు. పేరుకానుక అనేది ఆ దేశంలో అందరికీ తెలిసిందే. ఓ వీరుడికి ఎలుగుబంటి అనో ఇనపగుండె అనో బిరుదిచ్చినప్పుడు, ఇచ్చినవాడు ఉంగరమో గొడ్డలో చేతిలో పెట్టాలి. పెట్టకపోతే పేరు నిలవదు. కానీ అది పెద్దవాళ్ళ సంగతి. పనిమనుషుల్ని నోటికొచ్చినట్టు పిలుస్తాం గానీ కానుకలిస్తామా? అడిగినవాళ్ళు లేరు, ఇచ్చినవాళ్ళూ లేరు.

గీడ చుట్టూ చూసింది. మూలన ఓ పెద్ద అండా మూత పడుంది. ఇనపది, పిడి ఒకపక్క ఊడింది. “ఇంద, ఇది పట్టుకుని పో,” అంది.

హల్ల రెండు చేతులా అందుకుంది. అక్కడున్నవాళ్ళకేసి తిరిగింది. “చూశారుగా?” అంది.

“చూశాం,” అన్నారు వాళ్ళు నవ్వుతూనే.

మూతతో ఏం చేసిందో తెలుసుకోకుండా ఉంటుందా గీడ? వెనకాలే వెళ్ళి తొంగి చూసింది. ఎండుచేపల మీదకి సముద్రపు కాకులు గుంపులుగా వస్తాయి. ముక్కులు కత్తుల్లా ఉంటాయి. హల్ల ఎడంచేతికి మూత కట్టుకుని, కుడిచేత్తో ఓ కర్ర పట్టుకుని వాటితో తలపడుతోంది. ఓ కాకి పైనుంచి దూకితే మూత అడ్డం. ఇంకోటి పక్కనుంచి వస్తే కర్ర అడ్డం. పొద్దుటి నుంచి పొద్దుగూకేదాకా అదే పని. మొదటి నెల చేతులన్నీ గాట్లు. రెండో నెల కొన్నే గాట్లు. మూడో నెల నుంచి ఒక్క చేప పోలేదు, ఒక్క గాటు పడలేదు.

వేసవొచ్చింది. నీళ్ళు వెనక్కి తీసిన వేళ హల్ల పావడా ఎగ్గట్టి బురదలో దిగి గవ్వలేరుతోంది. పడవలు చేసే ఓర్మ్ ఒడ్డున కూర్చుని చూశాడు. నోరు ఊరుకోని మనిషి. “ఏమే కాకికాళ్ళూ, జాగ్రత్త, విరుగుతాయి,” అన్నాడు. పక్కన పనివాళ్ళు నవ్వారు.

హల్ల ఒడ్డెక్కింది. చెయ్యి చాపింది. చాపిన చెయ్యి దించలేదు.

“పేరు పెట్టావుగా మామా. కానుకేదీ?”

ఓర్మ్ నోరు వెళ్ళబెట్టాడు. చివరికి పడవ కింద పడున్న ఓ మోకు లాగి ఇచ్చాడు. ఓ పెద్ద సముద్రపు జంతువు తోలుతో పేనింది. తెగడమన్నది లేదు, కానీ ఎండి కర్రలా బిగుసుకుపోయింది, ముడి పడదు. అందుకే దాన్ని ఎవరూ ముట్టుకోవడం లేదు.

హల్ల రెండు చేతులా అందుకుంది. “చూశారుగా?” అంది. చూశామన్నారు.

ఆ మర్నాటి నుంచి వంటశాలలో దీపం నూనె తగ్గిపోవడం మొదలైంది. అది చేప కార్జం కరగబెట్టి తీసిన నూనె. గీడ కాపు కాసింది. తగ్గింది. కుండ మీద రాయి పెట్టింది. తగ్గింది. కుండ పక్కనే కూర్చుంది, అప్పుడు దొరికింది దొంగ. హల్ల.

“ఎందుకే నూనె?”

“మోకు మెత్తబడాలి అవ్వా.”

“మెత్తబడితే ఏం కడతావే?”

“ఏమో. ఎవరో ఇచ్చిన వస్తువు. పాడుపెట్టకూడదు కదా.”

గీడ తిట్టాలనుకుంది. తిట్టలేదు. ఆ పిల్ల ఆ పాత తోలుమోకుని ఒళ్ళో పెట్టుకుని, తల్లి పిల్లకి తలంటినట్టు నూనె రాస్తోంది. చూస్తూ ఉండిపోయింది.

మూడో పేరు దొరే పెట్టాడు. కేతిల్ ఇంటికి పొరుగు దొరలు చుట్టపుచూపుగా వచ్చారు. ఊరు చూపిస్తూ దండేల దగ్గరికి తీసుకొచ్చాడు. అక్కడ హల్ల మూతా కర్రా పట్టుకుని కాకుల మీద యుద్ధం చేస్తోంది. కేతిల్ పకపకా నవ్వాడు. “చూశారా, మా ఊళ్ళో డాలుపిల్ల కూడా ఉంది,” అన్నాడు.

డాలుపిల్ల అంటే మాటలు కాదు. ఆ దేశపు పాటల్లో డాలూ కత్తీ పట్టి మగవాళ్ళ పక్కన యుద్ధానికి వెళ్ళే ఆడవాళ్ళుంటారు. అందరూ దొరల బిడ్డలు. వాళ్ళ పేరు చెబితే కూర్చున్నవాళ్ళు లేచి నిలబడతారు. ఆ పేరు తీసుకొచ్చి చేపలపిల్లకి పెట్టాడు. చుట్టాలు కడుపు పట్టుకుని నవ్వారు.

హల్ల కర్ర కింద పెట్టింది. చెయ్యి చాపింది. చాపిన చెయ్యి దించలేదు.

“పేరు పెట్టారుగా దొరా. కానుకేదీ?”

నవ్వు ఆగింది. చుట్టాల ముందు లేదనలేడు. కాస్త ఆలోచించి, ఇంట్లో గోడకి వేలాడుతున్న తాతగారి కత్తి తెప్పించాడు. తెచ్చినవాడే నవ్వాడు. ఎందుకంటే ఆ కత్తి ఒరలోనే తుప్పుపట్టి ఇరుక్కుపోయింది. ఇద్దరు ఎద్దుల్లాంటి మనుషులు చెరో పక్కా పట్టుకుని లాగినా రాలేదు.

హల్ల రెండు చేతులా అందుకుంది. “చూశారుగా?” అంది. చూశామన్నారు, కళ్ళ నీళ్ళు తుడుచుకుంటూ. అవి నవ్వి నవ్వి వచ్చిన నీళ్ళు.

మళ్ళీ నూనె తగ్గింది. ఈసారి గీడ కాపు కాయలేదు. ఓ చిన్న చిప్పలో నూనె విడిగా పోసి తలుపు పక్కన పెట్టడం మొదలుపెట్టింది. ఎవరి కోసమో చెప్పలేదు. హల్ల రోజూ ఆ ఒర మూతిలో ఒక్కో చుక్క వేసేది. ఓ చలికాలమంతా వేసింది. మంచు కరిగే రోజుల్లో, ఓ పొద్దున్న, చేపలు కట్టి చెయ్యి తుడుచుకుని అలవాటుగా పిడి పట్టుకుని లాగింది. కత్తి వచ్చేసింది.

ఊరంతా చూడ్డానికి వచ్చింది. కేతిల్ కూడా వచ్చాడు. చూసి అతని కళ్ళు మెరిశాయి. “అది మా తాతది,” అన్నాడు. “ఇటిచ్చెయ్, నీకు ఇంకోటి ఇస్తా.”

హల్ల మొహంలో నెత్తురు చుక్క లేదు. ఆ పిల్ల భయపడగా గీడ చూడ్డం అదే మొదలు. తుఫానుల్లో పడవ తోసుకుపోయే పిల్ల, దొర ఓ మాట అడిగితే వణికిపోతోందేమిటి?

“తీసుకోండి దొరా,” అంది హల్ల, మెల్లగా. “కానుక తీసుకుంటే పేరు కూడా వెనక్కి తీసుకోవాలి. ఇంతమందిలో పెట్టారు, ఇంతమందిలో తియ్యాలి. ఆ చుట్టాల్ని కూడా పిలిపించాలి.”

ఓ చేపలపిల్లకి పెట్టిన వేళాకోళపు పేరు వెనక్కి తీసుకోవడానికి చుట్టాలకి కబురంపితే ఎంత నవ్వులపాటు? కేతిల్ చిరాగ్గా చెయ్యి విదిలించాడు. “ఏడిశావులే, ఉంచుకో,” అని వెళ్ళిపోయాడు.

హల్ల అక్కడే కూలబడింది. గీడ పక్కన కూర్చుంది. “ఎందుకే అంత బెంగ? ఇనప ముక్కే కదా. అసలు చట్టంతాత నీకేం చెప్పాడు?”

“చెబుతాను అవ్వా. ఇప్పుడు కాదు.”

గీడకి ఆ వారమంతా ఏమీ అరగలేదు.

వసంతంలో ఆ దేశంలో పెద్ద పంచాయతీ కూర్చుంటుంది. మగవాళ్ళందరూ కత్తులు కట్టుకుని దూరంగా ఉన్న మైదానానికి వెళ్ళిపోతారు. ఊళ్ళో ఆడవాళ్ళు, ముసలివాళ్ళు, పిల్లలు మిగులుతారు. సముద్రపు దొంగలకి ఆ సంగతి తెలుసు. ఆ ఏడు సరిగ్గా అప్పుడే వచ్చారు. తెల్లవారుతూండగా మూడు ఓడలు. వాళ్ళు వస్తే ధాన్యంతో పోదు. పిల్లల్ని కట్టేసి తీసుకుపోయి దూరదేశాల్లో అమ్ముకుంటారు.

దండేల దగ్గరున్న హల్ల అందరికంటే ముందు చూసింది. మూత తీసి కర్రతో మూడుసార్లు కొట్టింది. ఠంగ్, ఠంగ్, ఠంగ్. ఊరంతా లేచింది.

“అవ్వా, పిల్లల్ని తీసుకుని కొండెక్కు,” అంది హల్ల. “పోటు నిండుగా ఉంది. కాసేపట్లో నీళ్ళు వెనక్కి తీస్తాయి. తీసేలోపు ఓడలు తిరక్కపోతే బురదలో కూరుకుపోతాయి. వాళ్ళకీ తెలుసు. అందాకా ఆపగలిగితే చాలు.”

“ఎవరే ఆపేది?”

హల్ల మోకు భుజానేసుకుని పరుగెత్తింది.

సముద్రం ఊళ్ళోకి వచ్చేచోట రెండు రాళ్ళ మధ్య ఇరుకుంది. ఒక్క ఓడే పట్టేంత. హల్ల చిన్న పడవలో అడ్డంగా వెళ్ళి, మోకుని ఈ రాతికీ ఆ రాతికీ కట్టింది. ఏడాది నూనె తాగిన మోకు చక్కగా ముడిపడింది. నీళ్ళ కింద జానెడు లోతున ఉంది, కనబడదు. మొదటి ఓడ వచ్చింది. దాని ముక్కు మోకుకి చిక్కింది. ఓడ అడ్డం తిరిగి రాళ్ళ మధ్య ఇరుక్కుంది. రెండో ఓడ ఆగలేక వచ్చి దాన్ని గుద్దుకుంది. మూడో ఓడవాళ్ళు తెలివైనవాళ్ళు. బయటే ఆపి, రాళ్ళ మీదకి దూకి, కొండ అంచు దారి పట్టారు.

ఆ దారి దండేల పక్కనుంచే ఊళ్ళోకి వస్తుంది. ఒకపక్క బండ, ఒకపక్క సముద్రం. ఒక్క మనిషి మాత్రమే పట్టేంత సందు. అక్కడ హల్ల నిలబడి ఉంది. ఎడంచేతికి అండా మూత. కుడిచేతిలో తాతగారి కత్తి. ఒంటి మీద చేపల పొలుసులు.

పిల్లల్ని కొండెక్కించిన గీడ మరి పైనే ఉండాలా వద్దా? ఉండలేకపోయింది. దిగొచ్చి ఓ బండ వెనక నక్కి చూస్తోంది.

దొంగల నాయకుడు ముందు నవ్వాడు. ఆ దేశంలో దొంగలకైనా ఓ పద్ధతుంది. పేరు అడక్కుండా కత్తి కలపరు. “ఎవరివే నువ్వు? ఎవరి కూతురివి?” అన్నాడు.

“చేపకంపుని,” అంది హల్ల. వాళ్ళు నవ్వారు. “కాకికాళ్ళని,” అంది. ఇంకా నవ్వారు. “డాలుపిల్లని,” అంది. నవ్వుతూనే మొదటివాడు మీదకొచ్చాడు.

పైనుంచి వస్తే మూత అడ్డం. పక్కనుంచి వస్తే కత్తి అడ్డం. కాకుల దగ్గర నేర్చిన విద్య అంతే, ఇంకేం లేదు. మొదటివాడు సముద్రంలో పడ్డాడు. రెండోవాడు పడ్డాడు. ఆ తర్వాత ఎవరూ నవ్వలేదు. ఒకడి తర్వాత ఒకడు వచ్చారు. మూత సొట్టలు పడింది. భుజం తెగింది. తొడ తెగింది. హల్ల మధ్యమధ్య నీళ్ళకేసి చూస్తోంది. బండ మీద తడి గీత కనబడిందా? కనబడలేదు. ఇంకొకడు. కనబడిందా? లేదు. చివరికి నాయకుడే వచ్చాడు. వాడి కత్తి ఆమె డొక్కలో దిగింది. అయినా పడలేదు, దారి వదల్లేదు. బండ మీద తడి గీత బెత్తెడు కిందకి దిగింది.

ఓడల దగ్గర కొమ్ము ఊదారు. నీళ్ళు పోతున్నాయి, రండి రండి అని. నాయకుడు హల్ల మొహంలోకి ఓసారి చూసి వెనక్కి తిరిగాడు. ఇరుక్కున్న ఓడల్ని ఎలాగో ఊడదీసుకుని మూడు ఓడలవాళ్ళూ వచ్చిన దారి పట్టారు.

గీడ పరుగున వచ్చి పిల్ల తల ఒళ్ళో పెట్టుకుంది. ఆవిడ ఏడుస్తోంది. హల్ల ఏడవడం లేదు.

“నీళ్ళు దిగాయా అవ్వా?”

“దిగాయే తల్లీ.”

“పిల్లలు?”

“అందరూ ఉన్నారే. ఒక్కరు కూడా పోలేదు.”

“నీ మూత సొట్టలు పోయింది. ఏమనుకోకు.”

గీడకి దుఃఖం ఆగలేదు. దుఃఖంలో కూడా ఆ పాడు జబ్బు ఆగలేదు. “ఒసే, ఇప్పుడైనా చెప్పవే. ఆ చెయ్యి ఎందుకు చాపేదానివి?”

హల్ల నవ్వింది. “విందు రోజున చట్టంతాతనడుగు. అందాకా అడక్కు. ఆగుతావా?”

“ఆగుతా.”

“నీకు కష్టం కదూ?”

“ఆగుతానన్నానుగా.”

హల్ల కళ్ళు మూసుకుంది. అంతే.

పంచాయతీ నుంచి మగవాళ్ళు వచ్చారు. కేతిల్ ఎవరితోనూ మాట్లాడకుండా ఆ దారి పక్కనే మట్టి దిబ్బ వేయించాడు. కత్తినీ మోకునీ ఆమె పక్కనే పెట్టించాడు. మూత గీడ ఇవ్వలేదు, తన దగ్గరే ఉంచుకుంది. వసంతం పోయింది, వేసవి పోయింది, ఆకులు రాలాయి. చట్టంతాత రోజూ వంటశాల ముందు నుంచే వెళ్ళేవాడు. గీడ ఒక్కసారి కూడా అడగలేదు. నోటికి గుడ్డ అడ్డం పెట్టుకునేది. ఆవిడ జీవితంలో అంత కష్టపడ్డది ఎప్పుడూ లేదు.

విందు వచ్చింది. బయట మంచు పడుతోంది. ఒక్కొక్కరే లేచారు, తమవాళ్ళని పిలిచారు, తాగారు. అందరూ అయ్యాక గీడ లేచింది. చేతిలో సొట్టల మూత ఉంది.

“హల్లని పిలవండి,” అంది.

ఎవరూ కదల్లేదు. అందరికీ పిలవాలనే ఉంది. కేతిల్ తల దించుకున్నాడు. “ఎవరి కూతురని పిలవనవ్వా? పిలిచేవాడు సొంత మనిషి అవ్వాలి. పరాయివాడు పిలిస్తే పోయినవాళ్ళు దారి తప్పుతారంటారు. చట్టం నాకోసం మారదు కదా.”

“నాకూ ఆ మాత్రం తెలుసురా. అందుకే ఇన్నాళ్ళూ ఆగాను,” అని గీడ ఎయ్‌విన్‌కేసి తిరిగింది. “చట్టంతాతా, అడుగుతున్నా. ఆ పిల్ల నీ దగ్గరికొచ్చి ఏమడిగింది? నువ్వేం చెప్పావు?”

ఎయ్‌విన్ నిదానంగా లేచాడు. “ఎవరూ అడగరేమో, చెప్పకుండానే పోతానేమో అనుకున్నా,” అన్నాడు. “తండ్రి అంటే ఎవరు తాతా, అని అడిగింది. కన్నవాడు కాదమ్మా అన్నాను. మన దేశంలో బిడ్డ పుట్టాక తొమ్మిదో రోజున ఏం చేస్తాం? ఒకడు బిడ్డకి పేరు పెడతాడు. చేతిలో కానుక పెడతాడు. చూసినవాళ్ళు చూశామంటారు. అప్పట్నుంచి ఆ బిడ్డ వాడి బిడ్డ. పేరు, కానుక, సాక్షి. చట్టమంతా అంతే.”

ఎవరో ఊపిరి గట్టిగా పీల్చిన చప్పుడైంది. అది ఓర్మ్.

“నేను ఎగతాళికి పెట్టానయ్యా ఆ పేరు,” అన్నాడు కేతిల్.

“చట్టంలో ఎగతాళి అనే మాట లేదు దొరా. వందసార్లు వల్లెవేశాను. ఎక్కడా లేదు.”

“ఒక్కరు చాలరా? ముగ్గురి దగ్గర ఎందుకు చెయ్యి చాపింది?” అంది గీడ.

“మూడో కానుక అందుకున్నాక నేనూ అదే అడిగాను. ముగ్గురిలో ఒక్కరైనా కాదనకుండా ఉంటారేమో తాతా, అంది. మరి ఇప్పుడే అందరికీ చెప్పెయ్యవచ్చుగా అన్నాను. బతికుండగా చెబితే పేరు వెనక్కి తీసేసుకుంటారు, పోయాక ఎవరు తీసుకుంటారు, అంది.”

కత్తి వెనక్కి అడిగిన రోజు ఆ పిల్ల మొహం ఎందుకు పాలిపోయిందో గీడకి అప్పుడు తెలిసింది. ఇన్నేళ్ళూ తెలియాలి తెలియాలి అనుకున్న సంగతి తెలిసింది. తెలిశాక, తెలియకపోతేనే బాగుండును అనిపించడం కూడా ఆవిడకి అదే మొదలు. పేరు పెట్టిన మొదటి మనిషి తను. ఆ లెక్కన తల్లి తను. కన్నకూతుర్ని ఎవరైనా చేపకంపు అంటారా?

కేతిల్ కొమ్ము ఎత్తాడు. “కేతిల్ కూతురు హల్ల, డాలుపిల్ల,” అని పిలిచాడు. తాగాడు. ఓర్మ్ లేచాడు. “ఓర్మ్ కూతురు హల్ల,” అన్నాడు, “కాకికాళ్ళు,” అని ఏడ్చేశాడు. ఒక్కరైనా ఉంటారేమో అనుకుంది పాపం. ముగ్గురూ నిలబడ్డారు.

గీడ మూతని మూడుసార్లు కొట్టింది. ఠంగ్, ఠంగ్, ఠంగ్. తలుపు దగ్గరికి వెళ్ళి బార్లా తీసింది. మంచు లోపలికి కొట్టింది. తలుపు వెయ్యమని ఎవరూ అనలేదు.

“గీడ కూతురు హల్ల,” అని పిలిచింది. “తలుపు దగ్గరే నిలబడతానన్నావుగా. అలా కుదరదు. లోపలికి రావే.”

అది మొదలు, ఆ ఊళ్ళో విందు రోజున మొదటి గుక్క హల్లది. సొట్టల మూత ఇంకా ఉందట. మూడుసార్లు కొడతారు. అందరికంటే పెద్ద మనిషి లేచి, “హల్ల ఎవరి కూతురు?” అని అడుగుతాడు. ఎప్పుడైనా ఎవరికైనా వెక్కిరింపు పేరు పెట్టినవాళ్ళు మాత్రమే బదులు చెప్పాలి. “మా కూతురు” అనాలి. పెట్టనివాళ్ళు ఊరుకోవచ్చు. ఇన్ని తరాల్లో ఊరుకున్నవాడు ఒక్కడూ కనబడలేదట. అప్పుడు తలుపు తీస్తారు, “లోపలికి రావే” అంటారు, పొయ్యి చుట్టూ కూర్చున్నవాళ్ళు ఒకళ్ళకొకళ్ళు జరిగి ఓ మనిషికి చోటిస్తారు. ఆ చోట ఎవరూ కూర్చోరు. అక్కడ చెయ్యి పెడితే వెచ్చగానే ఉంటుందట, పొయ్యి దగ్గర కదా మరి.

కథ తిరిగి చలిదేశానికి వెళ్ళిపోయింది. మనం దుప్పట్లు మడతపెట్టుకుందాం. ఆ మూల ఊ ఆగిపోయి చాలాసేపైంది, ఎవరో తెలుసు. ఓ మంచి పేరు కూడా నాలిక చివర దాకా వచ్చింది. కానీ చేతిలో ఇవ్వడానికి ఏమీ లేదు. అందుకని అనడం లేదు.